దేహానికి కాలం చెల్లిందా? స్టెలార్క్ కళ, శరీర పునరుత్థాన విశ్వాసం: ఒక పరిశీలన

మా సంఘ యవ్వనస్థుల కూడికలో 1 కొరింథీ 15వ అధ్యాయాన్ని వారం వారం ధ్యానిస్తున్న రోజుల్లో, ఇంజనీరింగ్ చదువుతున్న ఒక తమ్ముడు తన ఫోనులో మాకొక ఛాయాచిత్రం చూపించాడు. ఒక పెద్దమనిషి ఎడమ ముంజేయి. దాని లోపలి వైపున, చర్మం కిందనుండి మొలుచుకు వచ్చినట్లుగా ఒక మనిషి చెవి. కంప్యూటరులో అతికించిన బొమ్మ కాబోలు అనుకున్నాం. "కాదు అయ్యగారూ, నిజంగానే ఉంది. ఆపరేషన్ చేయించి పెట్టించుకున్నాడు. మరి పునరుత్థానంలో ఈయన ఆ చెవితోనే లేస్తాడాండీ?" అని అడిగాడు. అందరూ నవ్వారు. మేమూ నవ్వేసి తరువాతి వచనానికి వెళ్ళిపోయాం.

అలా దాటవేయడం సరికాదని ఆ రాత్రే అనిపించింది. ఈ వ్యాసం ఆ ప్రశ్న వెంట మేము చేసిన ప్రయాణం. కళా విమర్శలో మాకు శిక్షణ లేదు. ఆ కళాకారుని ప్రదర్శన ఒక్కటి కూడా ప్రత్యక్షంగా చూడలేదు. ఛాయాచిత్రాలు, వీడియో చిత్రీకరణలు, తన కృతుల గురించి ఆయన స్వయంగా రాసిన వివరణలు మాత్రమే మాకు ఆధారం. అయినా చావు ఇళ్ళకూ ఆసుపత్రి వార్డులకూ తిరిగే కాపరి, దేహం గురించి ఎవరైనా ఇంత గట్టిగా మాట్లాడుతున్నప్పుడు చెవి ఒగ్గి వినవలసి ఉందని మా అభిప్రాయం.

కళాకారుడు, అతని వాదం

ఆ చెయ్యి స్టెలార్క్ అనే కళాకారునిది. ఆయన 1946లో సైప్రస్ దీవిలోని లిమసోల్ పట్టణంలో జన్మించాడు. పుట్టినప్పటి పేరు స్టెలియోస్ ఆర్కాడియు. ఆస్ట్రేలియాలో పెరిగి, 1970 నుండి దాదాపు పంతొమ్మిదేళ్ళు జపానులో నివసించి, మధ్యలో 1972లో స్టెలార్క్ అనే ఒక్క పేరునే చట్టబద్ధంగా స్వీకరించాడు. ఆయన చిత్రకారుడు కాడు. రంగులకూ కాన్వాసుకూ బదులు తన దేహాన్నే వాడుకుంటాడు. తన ప్రదర్శనలను వివరించేటప్పుడు 'నేను' అనడు, 'ఈ దేహం' అంటాడు. ఈ చిన్న అలవాటును పాఠకులు గుర్తుంచుకోవాలని మనవి.

మానవ దేహానికి కాలం చెల్లిందన్నది ఆయన దశాబ్దాలుగా చెబుతున్న మాట. దేహం త్వరగా అలసిపోతుంది, జబ్బు పడుతుంది, కొద్దికాలమే బ్రతుకుతుంది. తాను తయారుచేసిన యంత్రాల వేగాన్ని, కచ్చితత్వాన్ని, అవి పోగుచేస్తున్న సమాచారాన్ని అది అందుకోలేకపోతుంది. భూమి దాటి వెళితే బ్రతకలేదు. కనుక దేహాన్ని ఉన్నదున్నట్లుగా అంగీకరించకుండా, దాని రూపకల్పనను తిరిగి ఆలోచించాలి. ఆయన వాదం స్థూలంగా ఇది.

ఇలాంటి మాట వినగానే మన ప్రసంగ వేదికల మీదనుండి రెండు జవాబులు సిద్ధంగా వస్తాయి. మొదటిది: ఇది బాబేలు గోపురం, సృష్టికర్త పనిలో వేలు పెట్టడం. ఈ జవాబు చెప్పే బోధకుడు కళ్ళజోడు పెట్టుకునే చెబుతాడు. ముందు వరుసలో కూర్చున్న పెద్దల్లో ఒకరి గుండెలో పేస్‌మేకర్ ఉంటుంది, మరొకరి మోకాలిలో లోహపు కీలు ఉంటుంది. రెండవ జవాబు: దేహాన్ని ఏం చేసుకుంటే ఏమిటి, అది మట్టిలో కలిసేదే, ఆత్మ ముఖ్యం. మొదటి జవాబు తొందరపాటు మాత్రమే. రెండవది అంతకంటె ప్రమాదకరమైనదని ఈ వ్యాసంలో చెప్పదలిచాం.

కొక్కేలకు వేలాడిన దేహం

1976 నుండి 1988 వరకు స్టెలార్క్ సుమారు ఇరవై అయిదు సార్లు తన చర్మంలోకి ఇనుప కొక్కేలు గుచ్చించుకుని, వాటికి కట్టిన తాళ్ళతో తన దేహాన్ని గాలిలో వేలాడదీయించుకున్నాడు. కొన్ని టోక్యో నగరపు గ్యాలరీలలో, ఒకటి సముద్రతీరంలో అలల మీద, ఒకటి 1984లో న్యూయార్కు వీధిపైన రెండు భవనాల నడుమ, మరొకటి 1985లో కోపెన్‌హాగెన్‌లో క్రేను సాయంతో నగరం మీద ఎత్తున. 1980లో టోక్యోలో చేసినదానిలో ఆయన చుట్టూ బండరాళ్ళు వ్రేలాడుతూ ఉంటాయి. ఆయన బరువుకు ఆ రాళ్ళ బరువే సమతూకం.

తెలుగు పాఠకునికి ఇది చూడగానే సిడి గుర్తుకు వస్తుంది. వీపున కొక్కేలు గుచ్చి మనిషిని సిడిమానుకు వేలాడదీసి తిప్పే ఆచారం దక్షిణాది పల్లెల్లో ఉండేదని, 19వ శతాబ్దపు మిషనరీలు దానిని మాన్పించమని ప్రభుత్వానికి విన్నపాలు పంపారని సంఘ చరిత్ర చదివినవారికి తెలుసు. మొక్కు ఒకరిదైతే వేలాడేది వేరొకరు కావడం, ఆ వేరొకరు బీదవాడు కావడం ఆ ఆచారంలో తరచుగా కనిపించేది. స్టెలార్క్ మాత్రం తన వేలాడటానికి మతపరమైన అర్థం లేదని, నొప్పిని జయించే తపస్సు కాదని పదే పదే చెప్పుకున్నాడు. మొక్కు లేదు, దేవత లేదు, పూనకం లేదు. సాగిన చర్మం, కిందికి లాగుతున్న భూమ్యాకర్షణ, వీటిని తప్ప మరేమీ చూడవద్దంటాడు.

ఆ మాటను మేము నమ్ముతున్నాం. నమ్మి చూస్తే ఆ చిత్రాల్లో కనిపించేది బరువు. కొక్కెం గుచ్చిన చోట చర్మం గుడారపు గుడ్డలా పైకి లేచి ఉంటుంది. మనిషి అంటే ఇంత బరువు అని ఆ చర్మం చెబుతుంది. హెబ్రీలో మహిమకు వాడే 'కాబోద్' అనే పదానికి మూలార్థం బరువే. మన పాటల్లోనూ ప్రార్థనల్లోనూ మహిమ అంటే వెలుగు, మేఘం, తేలిపోవడం. హెబ్రీ భక్తుడు మాత్రం బరువైన దానిని చూసి మహిమ అన్నాడు. స్టెలార్క్‌కు ఈ సంగతి తెలిసి ఉండనవసరం లేదు. అయితే దేహానికి కాలం చెల్లిందని ప్రకటించే మనిషి, దేహపు బరువును ఇంత తీక్షణంగా మరే కళాకారుడూ చూపనంతగా చూపించాడు. ఆయన నినాదానికీ ఆయన చేతలకూ మధ్య పొసగని ఈ తీరు మున్ముందు మరింత స్పష్టమవుతుంది.

ఒక లోపం కూడా చెప్పాలి. ఆ చిత్రాల్లో ఒంటరి దేహం మాత్రమే ప్రధానం. కొక్కేలు గుచ్చినవారు, పైకి లాగినవారు, దించినవారు, దించాక గాయాలు తుడిచినవారు చిత్రానికి అంచున ఉండిపోతారు, లేదా అసలే ఉండరు. సమాధి దగ్గర యేసు దేహాన్ని దించిన అరిమతయియ యోసేపును, సుగంధద్రవ్యాలు మోసుకొచ్చిన నీకొదేమును సువార్తికుడు పేరు పెట్టి మరీ చెప్పాడు (యోహాను 19:38-40). దేహం గురించి చెప్పేటప్పుడు ఆ దేహాన్ని ముట్టుకున్న చేతుల గురించి చెప్పకపోతే సగమే చెప్పినట్టు.

మూడవ చెయ్యి, కడుపులోని శిల్పం

1980లో జపానులో ఆయన ఒక యాంత్రిక హస్తాన్ని తయారుచేయించుకున్నాడు. అది పోయిన చేతికి బదులు పెట్టుకున్నది కాదు, ఉన్న రెండు చేతులకు అదనం. కుడిచేతికి బిగించిన ఆ మూడవ చెయ్యి కడుపు, కాళ్ళ కండరాలనుండి వచ్చే విద్యుత్ సంకేతాలతో కదులుతుంది. 1982లో టోక్యోలో మూడు చేతులతో ఒకేసారి 'ఎవల్యూషన్' అనే ఆంగ్ల పదాన్ని రాశాడు. ఆ పదం కనబడగానే మనలో కొందరు డార్విన్ మీద ప్రసంగం మొదలుపెడతారు. దానికి వేరే సందర్భాలున్నాయి. ఇక్కడ గమనించదగింది వేరు. మూడవ చెయ్యి కదలాలంటే కడుపు కండరం బిగుసుకోవాలి. అది బిగుసుకోవడం మనిషి నేర్చుకోవాలి, దినదినం సాధన చేయాలి. తంబురా నేర్చుకునేవాని వేళ్ళలాగే ఆ కండరాలూ శిక్షణ పొందాయి. యంత్రం దేహాన్ని పక్కకు నెట్టలేదు, దానికి మరింత పని చెప్పింది.

1993లో మెల్‌బోర్న్‌లో జరిగిన శిల్ప ప్రదర్శనకు చేసిన కృతి మరింత చిత్రమైనది. టైటానియం, ఉక్కు, వెండి, బంగారంతో చేసిన చిన్న గుళికను మింగి, కడుపులో అది తెరుచుకుని మూసుకునేలా, వెలిగేలా, శబ్దం చేసేలా ఏర్పాటు చేసుకున్నాడు. ఎండోస్కోప్ ద్వారా దానిని చిత్రీకరించారు. దేహం బోలుగా ఉంది, ఆ ఖాళీలో ఉండేది ఆత్మ కాదు, 'నేను' అనేది కూడా కాదు, ఒక శిల్పం ఉండవచ్చు, అంతే అన్నది దాని వెనుక ఉన్న భావం.

మొదటిసారి ఇది చదివినప్పుడు మాకు కోపం వచ్చింది. పరిశుద్ధాత్మకు ఆలయమని పౌలు చెప్పిన దేహాన్ని (1 కొరింథీ 6:19) ఈయన ప్రదర్శనశాలగా మార్చాడే అనిపించింది. తరువాత ఆలోచిస్తే, ఆయన ఖండిస్తున్న 'లోపల దాగిన ఆత్మ' బైబిలు ఎరిగిన ఆత్మేనా అన్న సందేహం కలిగింది. ఆదికాండము 2:7లో దేవుడు మట్టిబొమ్మ లోపల ఆత్మ అనే వస్తువును దాచిపెట్టలేదు. ఊపిరి ఊదగా మట్టిమనిషి 'నెఫెష్ హయ్యా' అయ్యాడు. మన తెలుగు బైబిలు దానిని జీవాత్మ అంది. ఆ వాక్యంలో నరునికి జీవాత్మ ఇవ్వబడలేదు, నరుడే జీవాత్మ అయ్యాడు. డబ్బాలో నగ ఉన్నట్లు దేహంలో ఆత్మ ఉంటుందనేది ప్లేటో దగ్గరనుండి మనకు వచ్చిన చిత్రం. ఆస్కార్ కుల్‌మన్ 1955లో హార్వర్డ్‌లో చేసిన ఉపన్యాసంలో ఆత్మ అమరత్వానికీ మృతుల పునరుత్థానానికీ మధ్య తేడా చూపినప్పుడు, ఎంతోమంది విశ్వాసులు నొచ్చుకున్నారు. బి.డి. తరగతిలో అది చదివి మేమూ నొచ్చుకున్నవాళ్ళమే.

చైతన్యం గురించి కూడా స్టెలార్క్ ఇదే ధోరణిలో మాట్లాడతాడు. తెలివి తలలోపల కూర్చుని ఉండేది కాదు, మనుషుల మధ్య, మాటల మధ్య, సమాజంలో జరిగేది అంటాడు. 2003లో తన ముఖాన్ని పోలిన ఒక కంప్యూటరు తలను తయారుచేయించాడు. అడిగినవారికి అది జవాబు చెబుతుంది. ఎదురుగా ప్రశ్నించే మనిషి ఎంత తెలివిగా అడిగితే అదీ అంత తెలివిగా కనబడుతుంది. ఈ రోజుల్లో ఫోనులోని యంత్రంతో ప్రసంగాలు రాయించుకుంటున్న సేవకులు ఆ తలను ఒకసారి గుర్తు చేసుకోవడం మంచిది.

కనుక ఆయనను నాస్టిక్కు అని పిలవడం తప్పు. నాస్టిక్కు దేహాన్ని చీదరించుకునేది లోపలి ఆత్మను తప్పించడానికి. స్టెలార్క్‌కు తప్పించవలసిన ఆత్మ లేదు. ఉన్నదల్లా దేహమే, అందుకే దానిని మార్చాలంటున్నాడు. మరి నాస్టిక్కులు ఎక్కడున్నారు?

మన మధ్యనున్న పాత బోధ

కొన్నేళ్ళ క్రితం మా సంఘంలో ఒక సహోదరుడు నిద్రించాడు. పక్షవాతంతో పదకొండేళ్ళు మంచాన ఉన్నాడు. భూస్థాపన ఆరాధనలో మేము ఎప్పటివలెనే, ఇది ఖాళీ గూడు మాత్రమే, పక్షి ఎగిరిపోయింది, దీనిని చూసి ఏడ్వవద్దు అని బోధించాం. నలభయ్యోనాటి కూడికకు వెళ్ళినప్పుడు ఆయన భార్య వడ్డిస్తూ, మెల్లగా అడిగింది. "అయ్యగారూ, ఒక మాట అడుగుతాను, తప్పుగా అనుకోకండి. పదకొండేళ్ళు నేను కడిగిందీ, తిప్పి పడుకోబెట్టిందీ గూడునేనా?" అంది. మేము ఏదో చెప్పాం. ఏం చెప్పామో ఇప్పుడు గుర్తులేదు. ఆమె అడిగింది మాత్రం గుర్తుంది.

మా ప్రసంగానికీ స్టెలార్క్ నినాదానికీ తేడా ఎంత? ఆయన కాలం చెల్లిందన్నాడు, మేము ఖాళీ గూడన్నాం. ఆయన కనీసం తన దేహం మీదే ఆ మాట ప్రయోగించాడు. మేము ఇంకొకరి భర్త దేహం మీద, ఆమె ఎదుట ప్రయోగించాం.

ఈ బోధకు మన తెలుగు బైబిలులోని ఒక ఇబ్బంది కూడా తోడైంది. గలతీ 5:17లో ఆత్మకు విరోధమైన 'సార్క్స్'నూ, రోమా 12:1లో సజీవయాగంగా సమర్పించవలసిన 'సోమా'నూ పాత అనువాదం ఒకే 'శరీరము' అనే మాటతో చెప్పింది. గ్రీకు తెలియని విశ్వాసి ఏమనుకోవాలి? ఒక పత్రికలో శత్రువైనది మరొక పత్రికలో అర్పణ ఎలా అయిందో అతనికి ఎవరూ చెప్పరు. పౌలు 'సార్క్స్' అన్నప్పుడు దేవునికి వ్యతిరేకంగా తిరిగిన మనిషి మొత్తాన్ని తరచుగా ఉద్దేశిస్తాడని, అసూయ, కక్షలు కూడా దాని కార్యాలేనని (గలతీ 5:20) మనం వివరించకపోతే, వినేవాడు తన చేతులనూ కాళ్ళనూ అనుమానించడం మొదలుపెడతాడు. ఉపవాసాల పేరిట మందులు మానేసిన మధుమేహ రోగులను మేమెరుగుదుం.

2 కొరింథీ 5లోని గుడారపు ఉపమానాన్ని కూడా మనం సగమే వాడుతున్నాం. గుడారం విప్పబడుతుందని చెప్పి ఆపేస్తాం. నాలుగవ వచనంలో పౌలు బట్ట విప్పించుకోవాలని కోరుకోవడం లేదు, దానిమీద మరొకటి తొడిగించుకోవాలని కోరుకుంటున్నాడు. రోమా 8:23లో ఆయన ఎదురుచూసేది దేహం నుండి విమోచన కాదు, దేహానికే విమోచన.

తెలుగు సంఘానికి ఇది పుస్తకాల వాదం మాత్రమే కాదు. మన సంఘాలలో అధికభాగం ముట్టుకోకూడని దేహాలుగా ఎంచబడినవారి వాడల్లో మొలిచాయి. అక్కడ ఒకే బల్ల దగ్గర, ఒకే పాత్రలోనుండి తీసుకున్న రొట్టె, ద్రాక్షారసం దేహానికి ప్రకటించబడిన సువార్త. తరతరాలుగా నాట్లు వేసి, చర్మం శుద్ధిచేసి, పాకీపని మోసిన దేహాలకు కాలం చెల్లిందని ఎవరైనా చెబితే, ముందు వాటికి చెల్లించవలసినది చెల్లించారా అని అడగాలి. స్టెలార్క్ దగ్గర ఈ ప్రశ్న లేదు. ఆయన 'ఈ దేహం' అన్నప్పుడు అది ఎవరి దేహమైనా ఒకటే అన్నట్లు మాట్లాడతాడు. కొక్కేలకు తన ఇష్టంతో వేలాడి, తన ఇష్టంతో దిగగలిగినవాని దేహం అది. సిడిమానుకు కూలికి వేలాడినవాని దేహం వేరు. ఆయన కళలో మాకు కనిపించిన పెద్ద లోటు ఇదే.

దూరంనుండి కదిలించిన చెయ్యి

1995 నవంబరులో స్టెలార్క్ లక్సెంబర్గ్‌లో ఉన్నాడు. పారిస్, హెల్సింకి, ఆమ్‌స్టర్‌డామ్ నగరాల్లో ఉన్నవారు తెరమీద మనిషి బొమ్మను తాకితే, అతని కండరాలకు విద్యుత్తు అంది అతని చేయీ కాలూ అతని ప్రమేయం లేకుండా కదిలాయి. మరుసటి సంవత్సరం మనుషులకు బదులు ఇంటర్నెట్టులోని సంకేతాల రాకపోకలే అతని దేహాన్ని కదిలించేలా చేశాడు. 2015లో పెర్త్‌లో అయిదు రోజులు, రోజుకు ఆరు గంటలపాటు, లండనులో ఉన్నవారి కళ్ళతో చూస్తూ, న్యూయార్కులో ఉన్నవారి చెవులతో వింటూ నిలబడ్డాడు. అతని కుడిచేతికి తొడిగిన యంత్రాన్ని ఎక్కడివారైనా కదిలించవచ్చు. శరీరమంతయు కన్నయితే వినుట ఎక్కడ అని కొరింథీయులను ప్రశ్నించిన అపొస్తలుడు దీనిని చూసి ఏమనేవాడో అని మాకు నవ్వు వచ్చింది.

అయితే 2020 మార్చి తరువాత అంతగా నవ్వలేకపోయాం. లాక్‌డౌనులో మేము మందిరంలో ఖాళీ బల్లల ఎదుట నిలబడి ఫోనువైపు చూస్తూ ప్రసంగించాం. విశ్వాసులు ఎవరి ఇంటిలో వారు రొట్టెముక్క, ద్రాక్షరసం గిన్నె పెట్టుకుని కూర్చున్నారు. మా కళ్ళు ఒకచోట, చెవులు మరొకచోట, చేతులు ఇంకొకచోట. ఆ బల్ల ప్రభువు బల్ల అవునా కాదా అని మా పాస్టర్ల కూటంలో తీవ్రంగా వాదించుకున్నాం, తేల్చుకోలేదు. స్టెలార్క్ ప్రయోగం అప్పుడు మా ఇంటి సంగతి అయింది.

ఆ 1995 ప్రదర్శనను 1 కొరింథీ 12 పక్కన పెట్టి చూస్తే ఒక తేడా స్పష్టంగా తెలుస్తుంది. పారిస్‌లో ఉన్న మనిషి తెరను తాకుతాడు, లక్సెంబర్గ్‌లో చెయ్యి లేస్తుంది. అది లేవడం అతడు చూస్తాడు కూడా. కాని అతనికి ఏ నొప్పీ కలగదు. కదిలించేవాడు ఒకడు, అనుభవించేవాడు మరొకడు. ఒక అవయవం శ్రమపడితే మిగిలినవన్నీ దానితో శ్రమపడే దేహం గురించి పౌలు చెప్పాడు (12:26). అక్కడ తీగల వెంట వెళ్ళేది కదలిక ఒక్కటే కాదు. మా విశ్వాసుల్లో ఒకామె కరోనా రోజుల్లో ఫోనులో ప్రార్థన విన్న తరువాత, "మీ గొంతు వచ్చింది గాని మీ చెయ్యి నా తలమీద పడలేదు అయ్యగారూ" అంది. మా కూటంలో జరిగిన వాదనలన్నిటిలోకీ మాకు సరిగా అనిపించిన మాట అది.

ఇంకొక వైపు కూడా ఉంది. మరొకరి చేత కదిలించబడే దేహం అనేసరికి మేము మొదట బానిసత్వాన్ని తలిచాం. తరువాత యోహాను 21:18 గుర్తుకు వచ్చింది. ముసలివాడవైనప్పుడు మరొకడు నీ నడుము కట్టి నీకు ఇష్టం కాని చోటికి మోసుకుపోతాడని ప్రభువు పేతురుతో చెప్పాడు. మంచాన ఉన్న ఆ సహోదరుడు పదకొండేళ్ళు అలాగే బ్రతికాడు. తన దేహాన్ని తానే నడపగలిగినవాడే సంపూర్ణ మనిషి అనే భ్రమను స్టెలార్క్ చెదరగొట్టాడు. దానికి ఆయనకు కృతజ్ఞత చెప్పాలి. కదిలించే చేతికి ప్రేమ ఉండాలన్నది మాత్రం ఆయన ప్రదర్శనలో చోటు దొరకని మాట.

చేతి మీది చెవి

ఇక ఆ ఫోనులో చూసిన చెవి. అదనపు చెవి ఆలోచన ఆయనకు 1990లలోనే వచ్చింది. మొదట తల పక్కన పెట్టించుకోవాలనుకున్నాడు, తరువాత ముంజేతిని ఎన్నుకున్నాడు. శస్త్రచికిత్సకు ఒప్పుకునే వైద్యులు దొరకడానికే ఏళ్ళు పట్టింది. 2006లో అమెరికాలో చర్మాన్ని సాగదీసి, దాని కింద చెవి ఆకారంలో ఉన్న, సన్నని రంధ్రాలుగల ప్లాస్టిక్ చట్రాన్ని అమర్చారు. క్రమంగా ఆయన కణజాలం, రక్తనాళాలు ఆ రంధ్రాల్లోకి పెరిగి దానిని పట్టుకున్నాయి. లోపల ఒక చిన్న మైక్రోఫోను కూడా పెట్టారు. చేతి మీద మాట్లాడితే ఆ మైక్రోఫోను విన్నది కూడా. దానిని ఇంటర్నెట్టుకు కలిపి, ప్రపంచంలో ఎక్కడున్నవారైనా ఆయన ఉన్నచోటి శబ్దాలు వినేలా చేయాలని ఆయన ఉద్దేశం. అయితే అక్కడ చీము పట్టింది. మైక్రోఫోనును తీసివేయవలసి వచ్చింది. 2010లో ఆ చెవికి ఆస్ట్రియాలోని ఆర్స్ ఎలక్ట్రానికా వారి అగ్ర బహుమానం లభించింది. చెవి ఉంది, వినదు.

చెవులున్నా వినని విగ్రహాల గురించి 115వ కీర్తన ఆరవ వచనం ప్రసంగకులకు వెంటనే గుర్తుకు వస్తుంది. మాకూ వచ్చింది. ఆ వచనాన్ని ఆయన మీద ప్రయోగించి వ్యాసం ముగించడం సులువు. కాని అది న్యాయం కాదు. రాతి విగ్రహానికి చీము పట్టదు. ఈ చెవికి రక్తం వెళుతోంది. చట్రాన్ని ఆ దేహం తనలోకి స్వీకరించింది, మైక్రోఫోనును నిలుపుకోలేకపోయింది. కాలం చెల్లిందని ఎవరిని గురించి అన్నాడో ఆ దేహమే ఏది ఉండాలో ఏది పోవాలో తేల్చింది. ఆయన కృతులన్నిటిలోకీ ఇది గొప్పదని మేము తలుస్తున్నాం. కళాకారుడు అనుకున్నది జరగకపోవడమే అందుకు కారణం.

40వ కీర్తన ఆరవ వచనంలో దేవుడు తనకు చెవులు ఇచ్చిన సంగతి చెప్పేటప్పుడు కీర్తనకారుడు 'కారా' అనే క్రియ వాడాడు. తవ్వడం అని దాని అర్థం. బావి తవ్వినట్లు దేవుడు మనిషిలో చెవిని తవ్వాడు. హెబ్రీ పత్రికకర్త 10:5లో ఈ వచనాన్ని గ్రీకు అనువాదం ప్రకారం ఎత్తి చెప్పేటప్పుడు చెవులకు బదులు దేహం అమర్చబడిందని ఉంది. చెవి తవ్వితే దేహం వచ్చింది! ఆ తేడా ఎలా వచ్చిందన్న పాఠ విమర్శను పండితులకు వదిలేద్దాం. భావం మాత్రం ఒకటే: వినడానికి సిద్ధమైన మనిషి మొత్తం ఒక చెవే. తెలుగులో కూడా 'మాట వినని పిల్లవాడు' అంటే చెవుడుగలవాడని ఎవరూ అనుకోరు.

స్టెలార్క్ చెవి ఆయన వినడానికి కాదు, ఎక్కడో ఉన్నవారు ఆయన ద్వారా వినడానికి తవ్వినది. అది ఆయనకు అక్కరలేని చెవి, ఇతరుల కొరకు మోస్తున్న చెవి. ఆ ఉద్దేశంలో ఒక ఉదారత ఉందని ఒప్పుకోవాలి. కాని ఎవరి మాట వినడానికి అన్న ప్రశ్నకు అక్కడ జవాబు లేదు. దేహం ఇవ్వబడినదని ఆయన ఒప్పుకోడు, రూపకల్పన చేయవలసినదంటాడు. పేస్‌మేకర్‌కూ ఈ చెవికీ తేడా ప్లాస్టిక్కులోనూ లోహంలోనూ లేదు. ఇచ్చినవాడు ఒకడున్నాడని ఒప్పుకుని మరమ్మత్తు చేసుకోవడం వేరు, ఇచ్చినవాడెవడూ లేడని కొత్త నమూనా గీసుకోవడం వేరు. కాలం చెల్లడం అనేది సరుకుకు చెప్పే మాట. కొత్త మోడల్ వచ్చిన రోజున పాతదానికి కాలం చెల్లుతుంది. దేహం బలహీనమైనది, క్షయమైనది అన్నంతవరకు పౌలు స్టెలార్క్‌తో ఏకీభవిస్తాడు. ఆ తరువాత ఆయన వాడిన మాట సేద్యగానిది: విత్తబడుతుంది (1 కొరింథీ 15:42-44). మా పల్లెల్లో విత్తనపు గింజకు కాలం చెల్లిందని ఎవరూ అనరు.

తరువాతి వారం కూడికలో ఆ తమ్ముడిని పిలిచి, నీ ప్రశ్నకు నవ్వడం మా తప్పు అని చెప్పాం. లేచిన ప్రభువు చేతుల్లో మేకుల గురుతులు ఉన్నాయి (యోహాను 20:27). ఆ మేకులు రోమా ప్రభుత్వపు కమ్మరి చేసిన ఇనుము. మనుషులు ఇనుముతో చేసినదానిని పునరుత్థానం తుడిచివేయలేదు. నాన్సీ ఐస్‌లండ్ అనే వేదాంతి 1994లో వచ్చిన తన గ్రంథంలో వికలాంగుల పక్షాన ఈ గాయాలనే ఆధారం చేసుకుంది. ఆ లెక్కన ఈ చెవిని గురించి కూడా తొందరపడి కాదనలేం అన్నాం. గెత్సేమనే తోటలో ప్రధానయాజకుని దాసుని చెవి తెగినప్పుడు ప్రభువు దానిని ముట్టి బాగుచేసిన సంగతి (లూకా 22:51) చదివించాం. సిలువకు ముందు ఆయన చేసిన చివరి స్వస్థత ఒక చెవికే. అది కూడా తనను పట్టుకోవడానికి వచ్చినవానిది.

తమ్ముడు కాసేపు ఆలోచించి, "అయితే అయ్యగారూ, లేచినప్పుడు ఆ చెవి వింటుందంటారా?" అన్నాడు. ఈసారి ఎవరూ నవ్వలేదు. వచ్చే వారం చూద్దామని ప్రార్థనతో ముగించాం.